దుఃఖంలో ఉన్నవారికి ఒక్క శిల్పం చాలు

సంపాదకుల వారికి నమస్కారం.

అయినవాళ్లను పోగొట్టుకున్నవారిని మ్యూజియానికి తీసుకెళ్లడం మంచి పనే. అయితే గదులన్నీ తిప్పితే కాళ్ల నొప్పులు, విసుగే మిగులుతాయి. ఒక్క శిల్పం ఎంచుకోండి.

చెన్నై ఎగ్మోరులోని ప్రభుత్వ మ్యూజియంలో అమరావతి బౌద్ధ స్తూపం నాటి నాలాగిరి ఫలకం ఉంది. నాలాగిరి అంటే కథల్లో బుద్ధుడి మీదికి ఉసిగొల్పిన మదపుటేనుగు. పల్నాటి సున్నపురాయి మీద దాదాపు 2వ శతాబ్దంలో గుండ్రంగా చెక్కింది. అందులో ఒకే ఏనుగు రెండుసార్లు కనిపిస్తుంది: ఒకచోట మదమెక్కి జనం మీద పడుతూ, పక్కనే బుద్ధుడి ముందు మోకరిల్లి. శోకంలో ఉన్న మనిషి చూపు ఆ బీభత్సం దగ్గరే ఆగిపోవచ్చు. ఆగనివ్వాలి. ‘ఇటు బుద్ధుణ్ణి చూడు’ అని తొందరపెడితే ఓదార్పు కాస్తా ఉపదేశమైపోతుంది. కనీసం పావుగంట వదిలేస్తే కళ్లు మేడ కిటికీల్లోంచి తొంగిచూసే ముఖాల మీదుగా వాటంతటవే కదులుతాయి. ఫోన్ తీస్తే మాత్రం చూపు నిలవదు. ఏడుపొస్తే ఆపొద్దు. శుక్రవారం సెలవు, ఉదయం తెరవగానే వెళ్తే రద్దీ తక్కువ.

అంతసేపు నిలబడటం పెద్దవాళ్ల వల్ల కాదు. ముఖ్యమైన శిల్పాల ఎదుట వీపు ఆనించుకునే బల్లలు వేయించాలని ఆంధ్రప్రదేశ్, తెలంగాణ మ్యూజియంల అధికారులను కూడా గట్టిగా కోరుతున్నాం.

— కొందరు కళాచరిత్ర అధ్యాపకులు, చెన్నై