పోస్ట్ బర్న్ అని రాస్తే సరిపోతుందా?

ఎడిటర్ గారికి నమస్కారం.

అమీర్‌పేటలో ఏ సందులోకి వెళ్లినా మెడికల్ కోడింగ్ కోచింగ్ బోర్డులే. కోర్సు ఎన్ని నెలలు, జీతం ఎంత అన్న వార్తలు పేపర్లలో వస్తూనే ఉంటాయి గానీ ఆ పని లోపల ఏముందో ఎవరూ రాయరు. నేను అదే పనిలో ఉన్నాను, అమెరికా పేషెంట్ల చార్టులు చదివి కోడ్లు ఇస్తాను. అక్కడ చూసే ఒక పద్ధతి మన ఆసుపత్రుల్లో ఎందుకు లేదా అని చాలాకాలంగా ఒళ్లు మండుతోంది, అందుకే ఈ ఉత్తరం.

వాళ్ల ఐసీడీ-10-సీఎం (జబ్బులకీ గాయాలకీ కోడ్లు ఉండే అమెరికా జాబితా) లో మంటతో కాలితే బర్న్, యాసిడ్ గానీ కాస్టిక్ సోడా గానీ పడి కాలితే కరోజన్. రెండింటికీ నంబర్లు వేరు. కాస్టిక్ పడిన కొన్నేళ్లకి మణికట్టు వంగిపోయి సర్జరీకి వచ్చాడనుకోండి, ముందు ఇప్పుడున్న బాధ రాయాలి, అంటే కీలు బిగుసుకుపోవడం, ఎం24.5. తర్వాత ఏ రసాయనం, అది ప్రమాదమా, ఎవరైనా కావాలని పోశారా అన్నది, టి54.3. ఆ తర్వాత కాలిన చోటు. ఈ చివరి రెండింటికీ ఏడో స్థానంలో ఎస్ అనే అక్షరం తగిలించాలి, ఇప్పటి బాధ ఆ పాత గాయం తాలూకుదే అని చెప్పేది అదే. ఎన్నేళ్లయినా పెట్టొచ్చు, గడువు లేదు. కొత్తవాళ్లు ఇక్కడే బోల్తా పడతారు, ఆపరేషన్ జరుగుతోంది కదా అని ఎస్ బదులు, గాయానికి ఇంకా చికిత్స నడుస్తోందని చెప్పే ఏ అక్షరం పెట్టేసి, ఒంట్లో ఎంత శాతం కాలిందో చెప్పే టి32 కూడా తగిలిస్తారు. మానిపోయిన గాయానికి శాతమేమిటి? ఆడిట్‌లో ఎర్రర్ పడుతుంది.

ఇప్పుడు మన సంగతి. మా బంధువు ఒకాయన ఫార్మా కంపెనీలో కాంట్రాక్టు కార్మికుడు, పైపు వాల్వ్ దగ్గర కాస్టిక్ చిమ్మి కుడిచెయ్యి కాలింది. తర్వాత చేసిన సర్జరీకి ఒక ఆసుపత్రి ఇచ్చిన డిశ్చార్జ్ సమ్మరీలో ఉన్నది ఇంతే: "పోస్ట్ బర్న్ కాంట్రాక్చర్, రైట్ రిస్ట్, రిలీజ్ అండ్ ఎస్‌ఎస్‌జి." అంటే కాలిన తర్వాత బిగుసుకుపోయిన కుడి మణికట్టును వదులు చేసి చర్మం అతికించారని. కింద సంతకం, స్టాంపు. కాస్టిక్ అని లేదు, పనిలో జరిగిందని లేదు. దీపావళి బాంబుతో కాలినా, మరిగే నూనె పడినా అదే మాట రాస్తారు. కంపెనీవాళ్లు ఆ కాగితం చూసి ఇది మా దగ్గర జరిగిందని ఎక్కడుందండీ అంటే ఏం చెప్పాలి? సదరం క్యాంపులో డాక్టరు చెయ్యి ఎంత వంగుతుందో చూసి వైకల్యం శాతం వేస్తారు, కారణం ఆయన పని కాదు.

కారణాన్ని బట్టే కదా దారులు మారేది. పనిలో జరిగితే కార్మికుల నష్టపరిహారం (2025 నవంబరు దాకా 1923 నాటి చట్టం, ఇప్పుడు సామాజిక భద్రత కోడ్) గానీ ఈఎస్ఐ గానీ. ఎవరైనా పోస్తే 2013లో యాసిడ్ దాడి బాధితురాలు లక్ష్మి వేసిన కేసులో సుప్రీంకోర్టు చెప్పిన కనీసం 3 లక్షల పరిహారం. 2016 వికలాంగుల హక్కుల చట్టం యాసిడ్ దాడి బాధితులను ప్రత్యేకంగా చేర్చింది, కానీ అక్కడ రాసిన నిర్వచనం దాడిలో యాసిడ్ గానీ అలాంటి కాల్చేసే పదార్థం గానీ చల్లడం వల్ల రూపం దెబ్బతిన్నవాళ్లకే. అంటే ఎలా జరిగిందన్నది కాగితం మీద ఉండి తీరాలి.

పిల్లల కళ్లు మరీ ఘోరం. తాంబూలం సున్నం ప్యాకెట్ ఫట్‌మని పగిలి కంట్లో పడుతుంది. సున్నం క్షారం, యాసిడ్ కన్నా లోపలికి దిగుతుంది, కార్నియా, అంటే కంటి ముందుండే పారదర్శక పొర, తెల్లబడిపోతుంది. పెద్దయ్యాక ఆ పిల్లాడి రికార్డులో "కార్నియల్ ఒపాసిటీ" అని మాత్రమే ఉంటే, సున్నం ప్యాకెట్ల వల్ల ఎంతమంది కళ్లు పోయాయో ఎవరు లెక్కపెడతారు?

ఇదేం పరాయి విద్య కాదు. ప్రపంచ ఆరోగ్య సంస్థ ఐసీడీ-10లోనే టి95 ఉంది, కాలిన గాయాలు, రసాయన గాయాల తాలూకు మిగిలిపోయిన బాధలకి, గాయమై ఏడాది దాటినవాటిని కూడా అందులో వేయమని చెబుతుంది. కోడ్ సంగతి తర్వాత, ముందు డాక్టరు రాయాలి, రాయనిది కోడర్ ఊహించి వేయకూడదు. క్యాజువాలిటీలో మొదటి రోజే రసాయనం పేరు, ఎక్కడ, ఎలా అన్నది ఒక లైను, తర్వాతి ప్రతి సర్జరీ సమ్మరీలో మళ్లీ అదే లైను. ఆరోగ్యశ్రీ ప్రీఆథరైజేషన్‌కి (చికిత్సకి ముందస్తు అనుమతి) అన్నేసి ఫొటోలు, రిపోర్టులు అడుగుతారు కదా, ఈ ఒక్క గడి కూడా తప్పనిసరి చేస్తే ఆసుపత్రులు నింపక చస్తాయా? బాధితుల ఇళ్లవాళ్లకి ఒక మాట, డబ్బా లేబుల్ ఫొటో తీసి డాక్టరుకి చూపించండి, సమ్మరీలో ఆ పేరు పడేదాకా కౌంటర్ దగ్గర్నుంచి కదలకండి.

— ఒక మెడికల్ కోడర్, కూకట్‌పల్లి, హైదరాబాద్