బాండ్ పేపరు రాసుకుంటే దత్తత అయిపోదు

సంపాదకులు గారికి,

పసిపిల్లల్ని అమ్మే ముఠా పట్టుబడిందని పేపర్లో వచ్చిన ప్రతిసారీ నాకు కాళ్లూ చేతులూ ఆడవు. 2024 మేలో మేడిపల్లి పోలీసులు బయటపెట్టిన కేసు చాలామందికి గుర్తుండే ఉంటుంది. ఢిల్లీ, పుణెల నుంచి తెచ్చి లక్షలకు అమ్మిన పిల్లలు, పదిమందికి పైగానే. పెంచుకుంటున్న వాళ్ల దగ్గర్నుంచి ఆ పిల్లల్ని తీసుకుపోతుంటే తల్లులు ఏడ్చిన ఏడుపు టీవీలో చూసి ఆ రాత్రి నాకు ముద్ద దిగలేదు. ఎందుకంటే 2018లో మా ఇంటికీ అలాంటి బేరమే వచ్చింది.

మా వీధి ఆర్‌ఎంపీ తెచ్చాడు. ఆడపిల్ల, పుట్టి నాలుగు రోజులు, తల్లికి ఇప్పటికే ఇద్దరు, ఆస్పత్రి ఖర్చు మీరు పెట్టుకోండి, బాండ్ పేపరు మీద రాయించి నోటరీ చేయించే బాధ్యత నాది అన్నాడు. అప్పటికి మా పెళ్లయి పదకొండేళ్లు, మూడు ఆస్పత్రులు తిరిగి ఉన్న బంగారం కూడా కరిగించుకున్నాం. మా అత్తమ్మయితే చీటీ డబ్బులు తీసి పెట్టింది. మా ఆయనకు తెలిసిన ఒక వకీలు గుమస్తా ఆ సాయంత్రం ఇంటికొచ్చి ఆపాడు కాబట్టి సరిపోయింది, లేకపోతే మా సంగతి కూడా టీవీలో వచ్చేదేమో.

ఆయన చెప్పింది ఇప్పుడు నేను అందరికీ చెప్తున్నా. 1956 నాటి హిందూ దత్తత చట్టం కింద బంధువుల్లోనో తెలిసినవాళ్లలోనో బిడ్డను తీసుకోవచ్చు, కానీ కన్న తల్లిదండ్రులు ఇద్దరూ ఒప్పుకుని స్వయంగా చేతిలో పెట్టాలి, మధ్యలో రూపాయి మారకూడదు. ఆ పత్రాన్ని సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో రిజిస్టర్ చేయించుకుంటే రేపు ఎవరైనా కాదన్నప్పుడు నిలబడుతుంది, నోటరీ ముద్రకు ఆ బలం లేదు. ఎవరి బిడ్డో తెలియకుండా మధ్యవర్తి తెస్తే ఆ చట్టం వర్తించదు. 2015 జువెనైల్ జస్టిస్ చట్టం ప్రకారం బిడ్డను కొన్నా అమ్మినా ఐదేళ్ల వరకు జైలు, లక్ష జరిమానా, ఆస్పత్రి వాళ్ల చెయ్యి ఉంటే ఏడేళ్ల దాకా.

సరే, దారిలో పోదామని 2019లో దత్తతలు చూసే కేంద్ర ప్రభుత్వ సంస్థ కారా వెబ్‌సైట్‌లో రిజిస్టర్ చేసుకున్నాం. సోషల్ వర్కర్ హోం స్టడీకి, అంటే మా ఇల్లూ వాకిలీ చూసిపోవడానికి, వచ్చినప్పుడు జీతం, జబ్బులు, అన్నీ అడిగి, వంటింటి గుమ్మం దగ్గర నిలబడి మా అత్తమ్మను అడిగింది, "ఏ కులమో తెలియని పిల్ల వస్తే మీ కంచంలో పెట్టుకుని తినిపిస్తారా?" అని. అత్తమ్మ కాసేపు ఏమీ మాట్లాడలేదు. తర్వాత, "పిల్లకు ఏ పాలు పడుతయో చెప్పి పంపుతరా అమ్మా?" అంది. నాకు ఏడుపు ఆగలేదు.

మూడేళ్లు చూశాం. ఫోన్‌లో పిల్ల ఫొటో వచ్చాక రిజర్వ్ చేసుకోవడానికి 48 గంటలే. దత్తతకిచ్చే పిల్లల్ని ఉంచే శిశుగృహలో ఆయమ్మ చంకలో పద్నాలుగు నెలల పిల్ల, చేతిలో స్టీలు చెంచా, ఎవరడిగినా ఇవ్వలేదు. ఆ చెంచాతోనే ఇంటికి వచ్చింది.

అసలు టెన్షన్ ఆ తర్వాత. మా పిటిషన్ కోర్టులో ఉండగానే 2022 సెప్టెంబర్ 1 నుంచి దత్తత ఉత్తర్వులు కలెక్టర్లు ఇస్తారని మార్చారు, మంచిదే, కానీ మా ఫైలు ఒక ఆఫీసు నుంచి ఇంకో ఆఫీసుకు పోయి నెలల తరబడి అక్కడే ఉండిపోయింది. రెండు నెలల్లో ఇవ్వాలని చట్టమే చెప్తోంది. ఆర్డర్ వచ్చాక జనన ధ్రువపత్రానికి వెళ్తే కౌంటర్లో కూర్చున్నాయన లైనంతా వినేలా "కన్నతల్లి పేరేంటి, డిశ్చార్జి కాగితం ఏది?" అని గట్టిగా అడిగాడు. దత్తత ఆర్డర్ చూపిస్తే మా పేర్లతో ఐదు రోజుల్లో ఇవ్వాలన్న నిబంధనను ప్రింట్ తీసుకెళ్లి చూపించాను. అయినా నాలుగుసార్లు తిరిగాను. చదువుకున్నదాన్ని కాబట్టి తిరిగాను, కూలికి పోయే తల్లి రోజు కూలి పోగొట్టుకుని ఎన్నిసార్లు తిరుగుతుంది?

ఇంత ఆలస్యం అని విసిగిపోయే జనం ఆర్‌ఎంపీ దగ్గరికి పోతున్నారు. కానీ లైను అంత పొడుగ్గా ఉండటానికి కారణం కూడా అదే దొంగదారి. వేల జంటలు ఎదురుచూస్తుంటే దత్తతకు వచ్చే పిల్లలు కొద్దిమందే, రావాల్సిన పిల్లలు ప్రసూతి వార్డు వెనక గేటు నుంచి పోతున్నారు. బిడ్డను పెంచలేని తల్లి బాలల సంక్షేమ సమితి ముందుకొచ్చి అప్పగిస్తే అది నేరం కాదు, ఆమె పేరు బయటికి రాదు, మనసు మారితే రెండు నెలల్లో వెనక్కి తీసుకోవచ్చు. ఈ మాట ఆ తల్లికి ఎవరు చెప్తున్నారు? మంచం పక్కకొచ్చి మాట్లాడేది మధ్యవర్తి ఒక్కడే. ప్రతి ప్రభుత్వ ఆస్పత్రి ప్రసూతి వార్డులో ఇదే మాట పెద్దక్షరాలతో తెలుగులో బోర్డు రాయించమని రెండు రాష్ట్రాల అధికారుల్ని అడుగుతున్నా. ఏఎన్‌ఎం, ఆశా అక్కలకు ఒక్కరోజు శిక్షణ ఇచ్చినా చాలు.

పిల్లలు లేని వాళ్లకు ఇంకో మాట. రెండేళ్లలోపు బిడ్డ కావాలంటే రిజిస్టర్ చేసుకునే నాటికి భార్యాభర్తల వయసు కలిపి 85 దాటకూడదు. ఆస్పత్రులన్నీ అయ్యాక చూద్దాం అనుకోకండి, ముందే పేరు రాయించుకోండి.

ఎడిటర్ గారూ, ఇలాంటి వార్త మళ్లీ వేసినప్పుడు పక్కనే చిన్న బాక్సులో పిల్లల హెల్ప్‌లైన్ 1098 నంబరు వేయండి, పెంచలేని బిడ్డను బాలల సంక్షేమ సమితికి అప్పగించవచ్చని ఒక్క లైను రాయండి.

– ఒక తల్లి, సూర్యాపేట