లైబ్రరీలో ఏ పుస్తకాలు ఉండాలో మమ్మల్ని కూడా అడగండి

సంపాదకుడు గారికి,

గ్రంథాలయ వారోత్సవాలు దగ్గరపడుతున్నాయి. నవంబరు 14 నుంచి 20 వరకు పెద్దల ఫొటోలకు దండలు వేస్తారు, పిల్లలకు వ్యాసరచన పోటీలు పెడతారు, చివరి రోజు బహుమతులు పంచుతారు. అవన్నీ ఉండాల్సినవే. కానీ బీరువాల్లో ఏ పుస్తకాలున్నాయి, వాటిని ఎవరు ఎంచారు, ఎవరి కోసం ఎంచారు అన్న ప్రశ్న మాత్రం ఆ వారం రోజుల్లో ఎవరి నోటా రాదు. అందుకే ముందుగా ఈ లేఖ.

కోనసీమలోని ఒక ఊళ్ళో శాఖా గ్రంథాలయానికి ఎదురుగా నాకు జిరాక్స్ షాపు ఉంది. లోపలికి ఎవరు వెళ్తున్నారో, చేతిలో ఏం పట్టుకుని బయటికొస్తున్నారో రోజూ కంటపడుతూనే ఉంటుంది. పొద్దున్నే పేపర్లు చదివే పెద్దవాళ్ళు వస్తారు. గ్రూప్స్‌కీ కానిస్టేబుల్ ఉద్యోగాలకీ ప్రిపేరయ్యే కుర్రాళ్ళు వస్తారు. సాయంత్రం బడి వదిలాక పిల్లలు గుంపుగా వచ్చి, కాసేపటికే వెళ్ళిపోతారు. ఆడవాళ్ళు దాదాపు రారు. పుస్తకం ఇంటికి తీసుకెళ్ళేవాళ్ళు మరీ తక్కువ. “ఫోన్లు వచ్చాక ఇంకెవరు చదువుతారండీ” అని అందరూ తేల్చేస్తున్నారు. నేనూ అక్కడ మెంబర్నే. ఆ బీరువాలు తెరిచి చూసినవాణ్ణి కాబట్టి ఆ మాట ఒప్పుకోలేను.

ఒక నవల రెండో భాగం ఉంటుంది, మొదటి భాగం ఉండదు. ఒకే ఆధ్యాత్మిక పుస్తకం నాలుగు కాపీలు ఉంటాయి, నాలుగూ తెరవని కొత్తవే. గైడ్ల బీరువాలో సగం పాత సిలబస్‌వి. పిల్లల అరలో నీతికథలు, మహనీయుల జీవితాలు, మళ్ళీ నీతికథలు. ఇందులో లైబ్రేరియన్ గారి తప్పేమీ లేదు. తాళం తియ్యడం దగ్గర్నుంచి రిజిస్టర్లు రాయడం దాకా ఒక్కరే మనిషి. పైనుంచి కట్టలు వస్తాయి, నంబర్లు వేసి సర్దుతారు. మీ ఊరికి ఏవి కావాలని ఆయన్నీ ఎవరూ అడగరు.

అన్నిటికంటే ఎక్కువ బాధ పిల్లల అర చూస్తేనే. “బాలసాహిత్యం” అని ఒకే చీటీ అంటించి నాలుగేళ్ళ పిల్లనీ పద్నాలుగేళ్ళ కుర్రాణ్ణీ ఒకే గాటన కట్టేశారు. నాలుగేళ్ళ పిల్లకి కావాల్సింది బొమ్మ. పేజీ నిండా బొమ్మ, కింద ఒక్క ముక్క, లాగినా చిరగని మందపాటి అట్ట. రెండో తరగతి పిల్లాడికి లావుపాటి అక్షరాలు, పేజీకి రెండు మూడు చిన్న వాక్యాలు, వీలైనంత తక్కువ ఒత్తులు కావాలి. కూడబలుక్కుని చదివే పిల్లలు ఎక్కడ ఆగిపోతారో ఒకటో తరగతి టీచరు ఎవర్నైనా అడగండి, ఒత్తుల దగ్గరే అంటారు. మరి ఆ వయసువాళ్ళకని కొన్న పుస్తకం తెరిస్తే చీమతలకాయంత అక్షరాలు, అరపేజీ పొడుగు వాక్యాలు. వాడు పుస్తకం మూసేసి వెళ్ళిపోతే వాడికి చదువు మీద ఆసక్తి లేదని మనం తీర్మానిస్తాం.

పదేళ్ళు దాటినవాళ్ళకి దయ్యాల కథలు కావాలి, నవ్వించేవి కావాలి, డిటెక్టివ్ కథలు కావాలి, రాకెట్లూ పాములూ క్రికెట్టూ కావాలి. ప్రతి కథ చివరా నీతి ఉండాలని పట్టుబట్టేది పెద్దవాళ్ళే. సర్కారు బళ్ళలో పాఠ్యపుస్తకాలే ఒక పక్క తెలుగు, ఒక పక్క ఇంగ్లిషుతో వస్తున్నాయి. కథల పుస్తకాలు కూడా అలా కొన్ని ఉంటే ఇంగ్లిషు మీడియం పిల్లలకి తెలుగూ, తెలుగు పిల్లలకి ఇంగ్లిషూ అలవాటవుతాయి.

మన చుట్టూ ఉన్నదాని గురించి చెప్పే పుస్తకాలూ కావాలి. మన పిల్లలకి ఆఫ్రికా సింహం తెలుసు. కోరంగి మడ అడవుల్లో చేపలు పట్టుకు తినే బావురుపిల్లి ఉంటుందని ఎంతమందికి తెలుసు? ధవళేశ్వరం ఆనకట్ట కాటన్ దొర కట్టించాడని పాఠంలో చదువుతారు. ఆ నీళ్ళు లాకులు దాటుకుంటూ మన చేలోకి ఎలా వస్తున్నాయో, సముద్రం పోటు మీదున్నప్పుడు మురుగు కాలవ ఎందుకు వెనక్కి తంతుందో బొమ్మలతో చెప్పే పుస్తకం ఒక్కటి మా అరలో కనబడలేదు. 1996 నవంబరు తుపాను సంగతి కూడా ఇంట్లో తాతలు చెబితే వినడమే.

కొనడానికి మంచి పుస్తకాలు లేవా అంటే ఉన్నాయి. నేషనల్ బుక్ ట్రస్టు నెహ్రూ బాల పుస్తకాలయం పేరుతో తెలుగులో కూడా బొమ్మల పుస్తకాలు తక్కువ ధరకే వేస్తుంది. ప్రథమ్ బుక్స్ వారి స్టోరీవీవర్ అనే వెబ్‌సైట్‌లో తెలుగు కథలు ఉచితంగా చదువుకోవచ్చు, ప్రింటు తీసుకోవడానికీ అనుమతి ఉంది. (నా షాపు బేరం కోసం చెబుతున్నానని అనుకోకండి. మా లైబ్రరీకైతే కాగితం ఖర్చుకే వేసిస్తాను.)

ఇక పెద్దవాళ్ళ సంగతి. రొయ్యల చెరువులో తెల్లమచ్చ రోగం కనిపిస్తే మందుల షాపువాడు చెప్పిందే వేదం. కొబ్బరికి తెల్లదోమ పడితే తలో మాటా చెబుతారు. అంబాజీపేటలో ఉద్యాన పరిశోధన కేంద్రమే ఉంది. అక్కడి శాస్త్రవేత్తల సలహాలు తేలిక తెలుగులో ఒక చిన్న పుస్తకంగా ప్రతి శాఖలోనూ ఉండకూడదా? కోనసీమ నుంచి ఎంతోమంది ఆడవాళ్ళు గల్ఫ్‌కి ఇంటిపనికి వెళ్తున్నారు. ఈసీఆర్ పాస్‌పోర్టు (పనికోసం కొన్ని దేశాలకి వెళ్ళే ముందు ప్రభుత్వ అనుమతి తప్పనిసరైనది) మీద వెళ్ళాలంటే 30 ఏళ్ళు నిండాలని, అగ్రిమెంటు కాగితం చేతిలో ఉండాలని వాళ్ళకి ఏజెంటు చెప్పడు. నా షాపులో పాస్‌పోర్టు జిరాక్సులు తీయించుకునేటప్పుడు వాళ్ళు అడిగే ప్రశ్నలకి నా దగ్గర జవాబుండదు. లైబ్రరీలో ఉండాలి కదా!

అలాగని అన్నీ పనికొచ్చే పుస్తకాలే కొనమని కాదు. కుటుంబ నవలలూ సస్పెన్సు నవలలూ అనగానే “కాలక్షేపం పుస్తకాలు” అని మొహం తిప్పుకునేవాళ్ళున్నారు. కాలక్షేపం కూడా కావాలండీ. మా దగ్గర లైబ్రరీ ఉదయం 8 నుంచి 11, సాయంత్రం 4 నుంచి 7 వరకు తెరుస్తారు. ఆ రెండు పూటలా ఆడవాళ్ళకి ఇంట్లో ఊపిరి తిరగదు. ఒక పెట్టెలో మంచి నవలలు పెట్టి డ్వాక్రా మీటింగుకి పంపితే చదివేవాళ్ళు ఉన్నారో లేరో తేలిపోతుంది. చూపు తగ్గిన పెద్దవాళ్ళకి లావు అచ్చు పుస్తకాలు కొన్నయినా కావాలి.

పోటీ పరీక్షల కుర్రాళ్ళ మీద నాకు కోపం లేదు. వాళ్ళే నాకు ఎక్కువ బేరం. కానీ వాళ్ళు మెటీరియల్ సొంతంగా తెచ్చుకుంటారు. లైబ్రరీలో వాళ్ళు వెతుక్కునేది కుర్చీ, ఫ్యాను, వెలుతురు, ఆ రోజు పేపరు. కరెంట్ అఫైర్స్ పుస్తకం ఏడాది తిరిగేసరికి చిత్తుకాగితం. పిల్లల బొమ్మల పుస్తకం జాగ్రత్తగా వాడితే ఏళ్ళ తరబడి చేతులు మారుతుంది. ఉన్న కొద్ది డబ్బుని దేనిమీద ఎంత పెట్టాలో ఆలోచించేటప్పుడు ఈ తేడా చూడాలి.

ఆ డబ్బు మనదే. 1960 నాటి గ్రంథాలయాల చట్టం ప్రకారం ఇంటిపన్నులో రూపాయికి 8 పైసలు గ్రంథాలయ పన్నుగా కడుతున్నాం. వెయ్యి రూపాయల ఇంటిపన్ను కట్టే మనిషి లైబ్రరీకి 80 రూపాయలు ఇస్తున్నట్టే. పంచాయతీలూ మున్సిపాలిటీలూ దాన్ని వసూలు చేసి జిల్లా గ్రంథాలయ సంస్థకి జమ చెయ్యాలి. ఆ బకాయిల గోల వేరే లేఖకి సరిపోతుంది కాబట్టి ఇక్కడ వదిలేస్తున్నాను. పన్ను కట్టేవాడికి పుస్తకం అడిగే హక్కు ఉందన్నదే నా మాట.

గ్రంథాలయోద్యమ పితామహుడని మనం దండ వేసే అయ్యంకి వెంకటరమణయ్య గారు 1890లో పుట్టింది మన గోదావరి సీమలోని కొంకుదురులోనే. 1935లో పాతూరి నాగభూషణం గారు కృష్ణా డెల్టా కాలవ మీద పడవలో పుస్తకాలు పెట్టి ఊరూరా తిప్పారు. ఈ రోజు మన శాఖల మధ్య దూరం చాలాచోట్ల బండి మీద పావుగంట. పక్క ఊరి బీరువాలో నిద్రపోయే పుస్తకాలు మా ఊరికి కొత్తవే. మూడు నెలలకోసారి ఒక్కో శాఖ ఒక పెట్టె పుస్తకాలు పక్క శాఖతో మార్చుకుంటే పైసా పెట్టకుండా అందరికీ రకరకాల పుస్తకాలు దొరుకుతాయి. మా దగ్గర లేని ఆ నవల మొదటి భాగం కూడా ఏ పక్క ఊళ్ళోనో బయటపడొచ్చు.

గ్రంథాలయ సంస్థ వారిని మేం కోరేది పెద్దదేమీ కాదు. ప్రతి శాఖలోనూ పాఠకులు అడిగిన పుస్తకాలు రాయడానికి ఒక రిజిస్టరు పెట్టాలి, ప్రతి పేరు ఎదురుగా కొన్నామనో, ఎందుకు కొనలేదనో రాయాలి. కొనుగోలు డబ్బులో కొంత పిల్లల పుస్తకాలకని విడిగా తీసిపెట్టాలి. వాటిని కేటలాగు చూసి కాకుండా చేత్తో పట్టుకుని చూసి కొనాలి. జనవరిలో విజయవాడలో పుస్తక మహోత్సవం జరుగుతుంది. లైబ్రేరియన్లతో పాటు అంగన్‌వాడీ టీచర్లని, హైస్కూలు తెలుగు మాస్టార్లని, ఇద్దరు ముగ్గురు పిల్లలని కూడా అక్కడికి తీసుకెళ్ళి ఎంచమనండి. ఇంకొకటి, పిల్లలకి అందాలని వాళ్ళ పుస్తకాలు అట్టడుగు అరలో పెడతారు. వానాకాలం చెమ్మ ముందు ఎక్కేది ఆ అరకే. ర్యాకు కింద నాలుగు ఇటుకలు పెట్టించడానికి జీవో అక్కర్లేదు.

మా ఊరి పాఠకులం మాకు కావాల్సిన పుస్తకాల జాబితా ఒకటి రాసి లైబ్రేరియన్ గారికి ఇస్తున్నాం. పిల్లలు అడిగినవి వాళ్ళ చేతిరాతలోనే ఉన్నాయి. వారోత్సవాల సభలో వేదిక మీద కూర్చునే పెద్దలు ఆ జాబితా పైకి చదివి, ఏవి కొంటారో అక్కడే చెప్పాలని మీ పత్రిక ద్వారా అడుగుతున్నాం.

ఇట్లు,
ఒక పాఠకుడు,
కోనసీమ