మూడేళ్ల ప్రాజెక్టుల్లో తెగుళ్లను తట్టుకునే రకాలు రావు

సంపాదకుల వారికి,

తెగుళ్లను తట్టుకునే కూరగాయల రకాల గురించి వార్త వచ్చినప్పుడల్లా విత్తనం పేరే కనిపిస్తుంది. దాని వెనకున్న శాస్త్రవేత్త ఉద్యోగ జీవితం ఎలా గడిచిందో ఎవరూ రాయరు.

టమాటానే తీసుకోండి. వేరుబుడిపె నులిపురుగులను తట్టుకునే ఎంఐ జన్యువు ఒక అడవి టమాటా నుంచి వచ్చింది. ఆ రెండు జాతులను సంకరం చేస్తే గింజ నిలిచేది కాదు. 1940లలో పిండాన్ని బయటికి తీసి, గాజు పాత్రలో పెంచి మొక్కను బతికించారు. అడవి మొక్క చెడ్డ లక్షణాలు పోవాలంటే తరాల తరబడి మళ్లీ మళ్లీ సంకరం చేయాల్సిందే. ఇంతా చేస్తే, నేల వేడి 28 డిగ్రీలు దాటితే ఆ జన్యువు సరిగా పనిచేయదు!

వైరస్‌లతో ఇంకో టెన్షన్. టమాటా మొజాయిక్ వైరస్‌ను దశాబ్దాలుగా ఆపిన టీఎం-2 స్క్వేర్డ్ అనే జన్యువును, 2014లో ఇజ్రాయెల్‌లో బయటపడిన బ్రౌన్ రుగోస్ వైరస్ దాటేసింది. అంటే ఒక రకం విడుదలైనా పని ముగియదు.

ఇలాంటి పనికి రెండు మూడేళ్ల ప్రాజెక్టులిచ్చి, ఎన్ని పరిశోధన పత్రాలు అచ్చయ్యాయని లెక్కపెట్టడం నాకు అన్యాయంగానే తోస్తుంది. వేల మొక్కలకు తెగులు అంటించి, చచ్చినవాటిని నమోదు చేసుకున్న ఏళ్లకు అందులో మార్కులుండవు. యువ పరిశోధకులు త్వరగా ఫలితమిచ్చే అంశాలకు మళ్లితే తప్పు వాళ్లది కాదు. పదోన్నతుల్లో క్షేత్రస్థాయి పరీక్షలను, విడుదలైన రకాలను కూడా లెక్కలోకి తీసుకోవాలి. నిధులు కనీసం పదేళ్లకు ఇవ్వాలి.

ఇట్లు,
ఒక పాఠకురాలు