చావు బాకా

ఒరేయ్ శీనూ,

ఫొటో చూసి "ఆ నల్లటివేంట్రా, తింటే బతుకుతావా?" అన్నావుగా. బాగానే బతుకుతాను, కానీ పేరు వింటే నీ భయం ఇంకా పెరుగుతుంది. ఈ పుట్టగొడుగుని ఇక్కడ ఫ్రాన్స్‌లో 'త్రోంపెత్ ద లా మోర్' అంటారు. త్రోంపెత్ అంటే బాకా, మోర్ అంటే చావు.

బాకా అని ఎందుకన్నారో చేత్తో పట్టుకుంటే తెలిసిపోతుంది. గొడుగూ ఉండదు, కింద రేకులూ ఉండవు. పైన అంచు విచ్చుకుని బయటికి ఒంపు తిరిగి ఉంటుంది, అక్కణ్ణుంచి కాడ అడుగుదాకా అంతా బోలు. లోపల నలుపు, బయట బూడిద రంగు. ఇక్కడి వోజ్ కొండల్లో, బీచ్ అనే అడవి చెట్ల కింద, తడిసి నల్లబడిన ఆకుల మధ్య పక్కనే ఉన్నా కనిపించవు. ఒకటి కంటపడిందంటే మాత్రం అక్కడే వంగి వెతకాలి, గుంపుగా ఉంటాయి.

మరి చావు ఎందుకొచ్చిందంటావా? భూమిలో ఉన్న చనిపోయినవాళ్లు ఊదుతున్న బాకాల్లా కనిపిస్తాయని కొందరంటారు. కాలాన్ని బట్టి వచ్చిందని ఇంకొందరు. నవంబర్ 1న తూసాం, అంటే క్రైస్తవ సెయింట్లందరి పండగ, 2న చనిపోయినవాళ్లని తలచుకునే రోజు. ఆ రోజుల్లో ఇక్కడి సమాధుల నిండా చేమంతులే. (నువ్వెప్పుడైనా ఇక్కడికొస్తే ఎవరింటికీ చేమంతులు పట్టుకెళ్లకు!) సరిగ్గా ఆ రోజుల్లోనే అడవిలో ఇవీ దొరుకుతాయి. నాకైతే ఈ రెండో మాటే నిజమనిపిస్తుంది. ఇటలీవాళ్లూ జర్మన్లూ కూడా దీన్ని ఇలాంటి పేరుతోనే పిలుస్తారు.

ఇదే పుట్టగొడుగుకి ఫ్రెంచిలో 'కోర్న్ దబోందాన్స్', అంటే సమృద్ధి కొమ్ము, అని ఇంకో పేరుంది తెలుసా! గ్రీకు కథల్లో పసివాడైన జ్యూస్ దేవుడికి పాలిచ్చిన మేక కొమ్ము అది, మన అక్షయపాత్రలా ఎంత తీసినా తరగదు. 1753లో స్వీడన్ వృక్షశాస్త్రవేత్త లినేయస్ పెట్టిన 'కార్నుకోపియాయిడీస్' అన్న శాస్త్రీయ నామంలో ఉన్నదీ ఆ కొమ్మే.

నాకు టెన్షన్ పుట్టించేది వేరే ఉంది. నిజంగా ప్రాణం తీసే 'అమనీత్ ఫాలోయిద్' అనే పుట్టగొడుగు పేరులో చావన్న మాటే లేదు. లేత ఆకుపచ్చ ఛాయలో చూడముచ్చటగా ఉంటుంది. ఎంత ఉడికించినా దాని విషం పోదు, లివర్‌ని పాడుచేస్తుంది. అందుకే ఇక్కడ అడవిలో ఏరుకొచ్చినవి మందుల షాపుకి తీసుకెళ్లి చూపిస్తారు. ఫార్మసీ చదువులో పుట్టగొడుగుల్ని గుర్తుపట్టడం కూడా నేర్పుతారు మరి. నేనూ చూపించకుండా పొయ్యి మీద పెట్టను.

ఇక వంట. బోలులో మట్టి, ఆకుముక్కలు, పురుగులు చేరతాయి కాబట్టి నిలువుగా చీల్చి కడగాలి. వెన్నలో ఉల్లిపాయ వేగాక వేస్తే నీళ్లు వదులుతాయి. అవి ఇగిరాక కాస్త మీగడ, మిరియాల పొడి, అంతే. పల్చగా ఉంటాయి కాబట్టి తొందరగా ఎండుతాయి, ఎండాక వాసన ఇంకా పెరుగుతుంది. పొడి కొట్టి ఆమ్లెట్‌లో చల్లుకుంటే అబ్బ!

సంక్రాంతికి వచ్చేటప్పుడు ఆ పొడి ఒక సీసాడు తెస్తాను. అమ్మగారికి ముందు రుచి చూపిద్దాం, పేరు తర్వాత చెబుదాం.

నీ
రవి