ఙ తో మొదలయ్యే మాట దొరికింది

లిత్‌వైన్,
వేల్స్,
ఆదివారం సాయంత్రం

ఒరేయ్ బావా,

ముందు నన్ను తిట్టేసుకో, తర్వాత చదువు. నీ ఉత్తరం వచ్చి మూడు నెలలు దాటింది. రేపు రాద్దాం, ఎల్లుండి రాద్దాం అనుకుంటూ ఇంత దాకా తెచ్చాను, తప్పు నాదే. కానీ పోయిన శనివారం జరిగింది వారం రోజులుగా కడుపులో పెట్టుకుని తిరుగుతున్నా, ఇక నావల్ల కాదు.

మామూలు కబుర్లు గబగబా: అందరం కులాసా. మీ చెల్లెమ్మకి మళ్ళీ నైట్ డ్యూటీలు. నువ్వు పంపిన గోంగూర పచ్చడి సీసా అడుగు కనబడుతోంది. ఇక్కడ బడి నడిచేదే వేల్స్ వాళ్ళ భాష వెల్ష్‌లో కాబట్టి చిన్నది బొమ్మలతో కూడా వెల్ష్‌లోనే పోట్లాడుతోంది. నాన్న మోకాలి సంగతి విడిగా రాస్తాను.

ఇక అసలు సంగతి. మా ఊళ్ళో కొట్టు ఉందని చెప్పాను కదా. చెప్పలేదా? సరే, విను. ఊరంటే కొండవాలు మీద కాసిని రాతి ఇళ్ళు, కింద సముద్రం. కొండ పేరు అర్ ఐవల్. ఇంగ్లీషువాళ్ళ చెవికి అది ‘ద రైవల్స్’ అని వినబడి, అలాగే రాసేసుకున్నారు! దాని ఒక శిఖరం మీద ట్రేర్ కైరి అని ఇనుప యుగం నాటి కోట. నూట యాభై దాకా రాతి గుడిసెల గోడలు ఇప్పటికీ నిలిచి ఉన్నాయిరా, వాటి మధ్య వీధుల్లో తిరిగినట్టే తిరగొచ్చు. దాని గురించి మొదలుపెడితే ఆపలేను. వద్దు.

కొట్టు. పాలు, రొట్టె, బంగాళాదుంపలు, పేపర్లు. దానికి షావుకారు లేడు. కొట్టు ఊరిది, ఊరివాళ్ళే వంతులవారీగా కూర్చుంటారు. శనివారం పొద్దున వంతు నేను అడిగి తీసుకున్నాను. భాష నోట్లో ఆడాలంటే అంతకంటే దారి లేదు. ఎందుకంటే ఇక్కడివాళ్ళకి మర్యాద ఎక్కువ. నువ్వు ఒక్క క్షణం తడబడితే చాలు, నీకు కష్టం కలగకూడదని వెంటనే ఇంగ్లీషులోకి మారిపోతారు. 2021 జనాభా లెక్కల ప్రకారం వేల్స్ మొత్తం మీద వెల్ష్ వచ్చినవాళ్ళు నూటికి 18 మంది కూడా లేరు. మా గ్వినెడ్ జిల్లాలో 64 మంది. ఆ 64 మందీ రోజూ ఎవరో ఒకరి కోసం తమ భాష పక్కన పెడుతూనే ఉంటారు. ఆ మర్యాద చూస్తే నాకు గుండెల్లో కలుక్కుమంటుంది.

పేపరు కోసం రోజూ ఒక పెద్దాయన వస్తాడు. ఎనభై దాటి ఉంటాయి. తండ్రి రాతి క్వారీలో పనిచేశాడట. నాతో ఎప్పుడూ ఇంగ్లీషే, అదీ రెండు ముక్కలు. ఆ రోజు బయట గాలి, వాన. టోపీ నించి నీళ్ళు కారుతూ లోపలికొచ్చాడు. పేపరు, రొట్టె, పాలు తీసుకుని, చేతి తొడుగు పళ్ళతో లాగి, పౌండు నాణేలు ఒక్కొక్కటే బల్ల మీద పెడుతూ తనలో తను లెక్కపెట్టుకుంటున్నాడు. “ఈన్... దై... త్రీ...”

త్రీ! అది ఇంగ్లీషు మాట కాదురా, మన త్రికోణంలో త్రి! ముందుకెళ్ళి చూడు: ఏడు సైథ్, మన సప్త. తొమ్మిది నౌ, మన నవ. పది దేగ్, మన దశ. సంస్కృతానికీ దీనికీ మూలం ఒకటే అని ఎప్పుడో చదివాను గానీ, తడిసిన వేళ్ళ కింద బల్ల మీద టిక్కుటిక్కుమంటూ వినబడటం వేరు. నాలుగో నాణెం పెట్టబోతుంటే నోట్లోంచి అదే వచ్చేసింది, “పెద్వార్” అన్నాను.

చెయ్యి ఆగింది. తలెత్తి నా వంక చూశాడు. ఆ తర్వాత పది నిమిషాలు మాట్లాడాడు బావా, అంతా వెల్ష్‌లోనే! గాలి గురించి, గొర్రెల గురించి, ఇంకా దేని గురించో. నాకు సగం అందింది, సగం అందలేదు. నేను తడబడ్డ ప్రతిచోటా ఇప్పుడు మారిపోతాడు, ఇప్పుడు మారిపోతాడు అని ఒకటే టెన్షన్. మారలేదు. ఆగాడు, అదే మాట నెమ్మదిగా మళ్ళీ చెప్పాడు. వెళ్తూ వెళ్తూ భుజం తట్టి అన్నాడూ, “దియోల్ఖ్, ఙ్వాస్ ఈ.”

ఙ్వాస్! కందిపప్పు మాష్టారు అక్షరమాల రాయిస్తూ ‘ఙ’ దగ్గరికొచ్చేసరికి ఏమనేవారు? “దీనికి పదం లేదు, అక్షరం రాసి పదండి.” “పదమే లేకపోతే అక్షరం ఎందుకండీ?” అని నువ్వు పలక ఎత్తి అడిగావు, గుర్తుందా? దానికి జవాబు ఇక్కడ దొరికింది. దియోల్ఖ్ అంటే థాంక్స్. ఙ్వాస్ ఈ అంటే ‘నా అబ్బాయీ’ అని, పెద్దవాళ్ళు ముద్దుగా పిలిచే పిలుపు. తలుపు మూసుకున్నాక ఏడ్చాను. నీకు కాక ఇంకెవరికి చెప్పను.

ఆ సాయంత్రం తనే నన్ను పబ్బుకి తీసుకెళ్ళాడు. తవర్న్ అ విక్. నేను లెమనేడ్, ఆయన బీరు. ఓనరు ఎవరండీ అని అడిగితే వేలితో చుట్టూ చూపించాడు. 1988లో ఊరివాళ్ళు వాటాలు వేసుకుని కొన్నారట, అప్పట్నించీ ఊరి సొత్తే. వాళ్ళకి ఇది కొత్త కూడా కాదు. పక్క ఊరు లానైల్‌హైర్న్‌లో 1974లోనే కార్ల్ క్లౌస్ అనే డాక్టరు ముందు నిలబడి ఊరి సహకార సంఘం పెట్టించాడు, బ్రిటన్‌లో ఆ తరహాది మొదటిది అదేనంటారు. నేను వెల్ష్ కోర్సు చేసిన నాంత్ గుర్థెయిర్న్ కూడా ఆయన పుణ్యమే. క్వారీ మూతపడి జనం ఖాళీ చేసి వెళ్ళిపోయిన ఊరది, ఇళ్ళకి కప్పులు కూడా లేవు. 1978లో ట్రస్టు పెట్టి కొని, దాన్ని భాష నేర్పే చోటుగా మార్చారు. మొన్న 2021లో ఇక్కడికి దగ్గర్లోనే లాన్‌డూరోగ్ వాళ్ళు మూతపడ్డ పబ్బు కోసం వాటాల మీద నాలుగు లక్షల పౌండ్లకు పైగా పోగుచేశారు. పల్లెటూరు బావా! పబ్బు పోతే నలుగురూ కూర్చుని ఆ భాష మాట్లాడుకునే చోటు పోతుందని వాళ్ళ బాధ.

ఇదంతా వింటున్నంతసేపూ నీ ఉత్తరంలోని ఆ నాలుగు లైన్లే నా బుర్రలో. మన గ్రంథాలయం పైకప్పు వంగింది, తాళం వేసేశారు, పుస్తకాలు మూటల్లో ఉన్నాయి అని రాశావు. ఆ మూటల్లో మనం పంచుకు చదివిన ఆ ఎర్ర అట్ట పుస్తకం కూడా... సరే. తాళం ఎవరి దగ్గరుంది? స్థలం పంచాయతీదా, దానం ఇచ్చినవాళ్ళదా? మేస్త్రీని తీసుకెళ్ళి కప్పు చూపించి ఎంతవుతుందో అడుగు. నూటయాభై గడపలున్నాయి కదా మనకి, బయట ఉన్నవాళ్ళం కూడా కలిస్తే తలా ఒక వాటా... మొదటి వాటా నాది రాసుకో. చందా కాదు, వాటా. అది ముఖ్యం, ఎందుకంటే

మీ చెల్లెమ్మ డ్యూటీకి బయల్దేరింది, కవరు తనే పోస్టులో వేస్తానంది, కింద హారన్ కొడుతోంది. మేస్త్రీ సంగతి మర్చిపోకు. అత్తయ్యకి నమస్కారాలు.

నీ
మూడో బెంచీ