గన్ కొన్నారు సరే, తాళం వేశారా?

సంపాదకుల వారికి నమస్కారం.

అమెరికాలో మనవాళ్ళ మీద కాల్పులు జరిగిన ప్రతిసారీ మీ పేపర్లో వార్త వస్తుంది, ఆ తర్వాత వారం రోజులు మా వాట్సాప్ గ్రూపుల్లో ఒకటే మాట, ఇక మనం కూడా ఒక గన్ కొనుక్కోవాల్సిందే అని. నేను టెక్సాస్‌లో డాలస్ దగ్గర ఇరవై ఏళ్ళ నుంచి ఉంటున్నా, సిటిజన్‌ని, నాకూ ఒక పిస్టల్ ఉంది, కాబట్టి కొనొద్దని చెప్పడానికి ఈ ఉత్తరం రాయట్లేదు. కొని ఇంటికి తెచ్చాక దాన్ని ఎక్కడ పెడుతున్నారు, ఎలా పెడుతున్నారు అన్నది మాత్రం మనవాళ్ళలో ఒక్కరూ మాట్లాడట్లేదు. అందుకే రాస్తున్నా.

భయం ఊరికే వచ్చింది కాదు. 2017 ఫిబ్రవరిలో కాన్సస్‌లోని ఒలేతాలో బార్‌లో కూర్చున్న మన తెలుగు ఇంజనీర్ని ఒకడు వచ్చి నోటికొచ్చినట్టు తిట్టి, బయటికి పంపిస్తే మళ్ళీ తుపాకీతో వచ్చి కాల్చి చంపేశాడు. ఆ రోజు నుంచి ఇక్కడ ఎంతమంది ఇళ్ళల్లో రాత్రిళ్ళు నిద్ర కరువైందో నాకు తెలుసు. గ్యాస్ స్టేషన్లలో నైట్ షిఫ్ట్ చేసే పిల్లల్ని చూస్తే ఇప్పటికీ గుండె దడదడలాడుతుంది.

మేం 2021లో కొన్నాం. మా వీధిలో రెండిళ్ళలో దొంగలు పడ్డారు, మనవాళ్ళ ఇళ్ళల్లో బంగారం ఉంటుందని వాళ్ళకి తెలుసు, మా ఆవిడ చిన్న చప్పుడైనా లేచి కూర్చునేది. షాపుకెళ్ళి తుపాకీ కొనేవాళ్ళు నింపాల్సిన ఫామ్ 4473 నింపా, వాళ్ళు ఎఫ్‌బీఐ సిస్టమ్‌లో నా మీద కేసులేమైనా ఉన్నాయేమో చెక్ చేశారు, గంటలోపే డబ్బా చేతికిచ్చారు. డబ్బాలో ఒక కేబుల్ తాళం (తుపాకీలోంచి దూర్చి వేసేది) కూడా ఉంది. హ్యాండ్‌గన్ (పిస్టల్, రివాల్వర్ లాంటి చిన్న తుపాకీ) అమ్మేటప్పుడు డీలర్ తాళం లాంటిది ఏదో ఒకటి ఇచ్చి తీరాలని 2005లో చట్టం చేశారు, కానీ ఇంటికెళ్ళి అది వాడాలని మాత్రం ఆ చట్టం చెప్పదు. నేను వాడలేదు. గన్‌ని బుల్లెట్లతో సహా మంచం పక్కన సొరుగులో పెట్టా. దొంగ వచ్చాక తాళంచెవి వెతుక్కుంటామా అన్నది అప్పట్లో నా వాదన.

తర్వాతి ఏడాది అమ్మ వచ్చింది. జెట్ లాగ్, పగలంతా నిద్ర, రాత్రంతా మెలకువ. మూడో రోజు రాత్రి రెండున్నరకి కింద ఏదో తలుపు చప్పుడైంది. సొరుగు లాగి పిస్టల్ తీసుకుని మెట్లు దిగా. వంటింట్లో చీకట్లో ఎవరో కదులుతున్నారు. ఎవరది అని అరిచా, అది కూడా ఇంగ్లీషులో అరిచా, ఎందుకంటే దొంగ అనే అనుకున్నా కదా. పలకలేదు. అమ్మకి ఎడమ చెవి సరిగా వినపడదు, ఆ సంగతి నాకు ఆ క్షణంలో గుర్తు రాలేదు. నా వేలు ట్రిగ్గర్ మీద ఉంది. అప్పుడే ఫ్రిజ్ తలుపు తెరుచుకుంది, ఆ వెలుగులో అమ్మ, భుజాన నా పాత స్వెటర్, చేతిలో పెరుగు డబ్బా. నన్ను చూసి "ఏరా, నీకూ నిద్ర పట్టలేదా" అంది. చెయ్యి వెనక్కి పెట్టుకుని అక్కడే నిలబడిపోయా. ఇప్పటివరకూ ఆ సంగతి అమ్మకి చెప్పలేదు.

ఆ ఫ్రిజ్ ఇంకో రెండు సెకన్లు ఆగి తెరిచి ఉంటే ఏమయ్యేదో నాకు తెలుసు. అలా అయిన ఇళ్ళు ఉన్నాయి. 1992లో లూసియానాలోని బాటన్ రూజ్‌లో జపాన్ నుంచి చదువుకోడానికి వచ్చిన 16 ఏళ్ళ కుర్రాడు హాలోవీన్ పార్టీకని బయల్దేరి పొరపాటున వేరే ఇంటి బెల్ కొట్టాడు, ఆ ఇంటాయన తుపాకీ పట్టుకుని "ఫ్రీజ్" అని అరిచాడు, ఇంగ్లీషు అంతంతమాత్రంగా వచ్చిన ఆ పిల్లాడు ఆగలేదు, ప్రాణం పోయింది. క్రిమినల్ కేసులో ఆయన నిర్దోషి అన్నారు. 2023 ఏప్రిల్‌లో కాన్సస్ సిటీలో తమ్ముళ్ళని తీసుకెళ్ళడానికి వచ్చి అడ్రస్ తప్పిన ఇంకో 16 ఏళ్ళ కుర్రాడిని తలుపు అద్దంలోంచే కాల్చారు, అదృష్టం కొద్దీ బతికాడు. కాల్చిన వాళ్ళిద్దరూ మమ్మల్ని మేం కాపాడుకుంటున్నాం అనే అనుకున్నారు. ఇండియా నుంచి వచ్చే మన అమ్మానాన్నలు, వాకింగ్‌కి వెళ్ళి ఒకేలా ఉండే ఇళ్ళ మధ్య దారి తప్పే మన పెద్దవాళ్ళు గుర్తొస్తే నాకు ఈ రెండు సంగతులూ నిద్ర పట్టనివ్వవు.

దొంగల గురించి మనం ఇంత మాట్లాడుకుంటాం కదా, ఈ దేశంలో తుపాకీతో పోయేవాళ్ళలో సగం కంటే ఎక్కువమంది వాళ్ళంతట వాళ్ళే ప్రాణం తీసుకున్నవాళ్ళు. ఇక్కడి ప్రభుత్వ ఆరోగ్య సంస్థ సీడీసీ లెక్కల ప్రకారం 2022లో మొత్తం 48,204 మంది చనిపోతే అందులో 27,032 ఆత్మహత్యలే. కాలిఫోర్నియాలో దాదాపు 2.6 కోట్ల మంది రికార్డులు చూసి 2020లో ఒక స్టడీ వేశారు, హ్యాండ్‌గన్ ఉన్న మగవాళ్ళలో ఆత్మహత్యలు లేనివాళ్ళ కంటే మూడు రెట్లు, ఆడవాళ్ళలో ఏడు రెట్లు పైన. ఉద్యోగం పోయిన రోజు, సంబంధం చెడిన రోజు, అప్పులు మీద పడ్డ రోజు మనిషి మనసు ఒక గంట సేపు చీకటైపోతుంది, ఆ గంట దాటితే చాలామంది బతుకుతారు. చేతికందేంత దూరంలో గన్ ఉంటే ఆ గంట దాటదు, ఎందుకంటే తుపాకీతో ప్రయత్నించిన పదిమందిలో తొమ్మిదిమంది దాకా దక్కట్లేదు. లేఆఫ్ అయ్యి, వీసా గడువు రోజులు లెక్కపెట్టుకుంటూ, ఇంట్లో చెప్పుకోలేక ఒంటరిగా గదిలో కూర్చున్న మన కుర్రాళ్ళు ఎంతమంది ఉన్నారో మీకు నేను చెప్పక్కర్లేదు.

వీసా అన్నాను కాబట్టి ఇది కూడా చెప్పాలి, చాలామందికి తెలీదు. ఎఫ్-1, హెచ్-1బీ లాంటి నాన్ ఇమిగ్రెంట్ (తాత్కాలిక) వీసా మీద ఉన్నవాళ్ళు తుపాకీ గానీ బుల్లెట్లు గానీ దగ్గర ఉంచుకోవడమే ఫెడరల్ నేరం, ఏదో ఒక రాష్ట్రం ఇచ్చిన హంటింగ్ లైసెన్స్ ఉండటం లాంటి కొన్ని మినహాయింపులు తప్ప. 2022లో మారిన చట్టం ప్రకారం శిక్ష 15 ఏళ్ళ దాకా పడొచ్చు, డిపోర్టేషన్ ఎలాగూ ఉంటుంది. టెక్సాస్‌లో 2021 నుంచి పర్మిట్ లేకుండానే గన్ పెట్టుకుని తిరగొచ్చు అని విని, అది మనకీ వర్తిస్తుందని అనుకునే స్టూడెంట్స్‌ని నేను కళ్ళారా చూశా. వర్తించదు బాబూ.

ఇక పిల్లలు. 2020 నుంచి ఈ దేశంలో 1 నుంచి 19 ఏళ్ళ లోపు వాళ్ళ మరణాలకి తుపాకులే మొదటి కారణం, కార్ యాక్సిడెంట్లని కూడా దాటేశాయి. మ్యాగజైన్ (బుల్లెట్లు పెట్టే డబ్బీ) తీసేశాం కదా ఖాళీ అనుకుంటారు, కానీ అప్పటికే గొట్టం మొదట్లో పేలడానికి సిద్ధంగా ఉండే చాంబర్‌లోకి ఎక్కిన ఒక్క బుల్లెట్ అక్కడే ఉంటుంది, స్లైడ్ (పిస్టల్ పైభాగం) వెనక్కి లాగి కంటితో చూసి వేలితో తడిమితే తప్ప తెలీదు. చాలా పిస్టళ్ళు మ్యాగజైన్ లేకపోయినా ఆ ఒక్కటీ పేలుస్తాయి. పెద్దవాళ్ళకే తెలియని ఈ సంగతి ఏడేళ్ళ పిల్లాడికి ఎలా తెలుస్తుంది? టెక్సాస్‌లో 17 ఏళ్ళ లోపు పిల్లల చేతికి అందేలా లోడెడ్ గన్ వదిలేస్తే పెద్దవాళ్ళ మీద కేసు పెట్టొచ్చు, కానీ ఆ కేసు దేనికి, అప్పటికే ఇల్లు కూలిపోయి ఉంటుంది.

తాళం వేయమనే నా మాటకి ఎదురుచెప్పేవాళ్ళు 2008 నాటి హెల్లర్ తీర్పు చెప్తారు, ఇంట్లో ఆత్మరక్షణకి హ్యాండ్‌గన్ ఉంచుకోవడం హక్కు అని సుప్రీం కోర్టే అంది కదా, ఎప్పుడూ విడదీసో తాళం వేసో పెట్టాలన్న వాషింగ్టన్ డీసీ రూల్‌ని కొట్టేసింది కదా అని. నిజమే. కానీ ప్రమాదాలు జరక్కుండా తుపాకుల్ని ఎలా దాచాలో చెప్పే చట్టాలు చెల్లవని మేం అనట్లేదని కూడా ఆ తీర్పు రాసిన జడ్జి, జస్టిస్ స్కాలియా అందులోనే రాశారు, ఆ ముక్క ఎవరూ చెప్పరు. గన్ చూపించి దొంగని తరిమిన ఇళ్ళు కూడా ఉన్నాయి, నేను కాదనను. ఏడాదికి ఎన్నిసార్లు అన్నదాని మీద మాత్రం పెద్ద గొడవే ఉంది, 1995లో ఒక టెలిఫోన్ సర్వే 25 లక్షలంది, ప్రభుత్వం చేసే నేరబాధితుల సర్వేలో అది లక్ష లోపే ఉంటుంది. ఏ లెక్క నిజమైనా తాళం అడ్డు కాదు. గన్ పెట్టుకునే నా తాళం బాక్స్ ఇప్పుడు మంచం కాళ్ళకి కేబుల్‌తో బిగించి ఉంది, నాలుగు బటన్లు నొక్కితే తెరుచుకుంటుంది, మూడు సెకన్లు. ఆ మూడు సెకన్లే నాకు కావాల్సింది, లైటు వేసి ఎవరో చూడ్డానికి, ఇంట్లో ఎంతమంది ఉన్నారో లెక్కపెట్టుకోడానికి.

మీ పత్రికని అడిగేది ఒక్కటే. మీ ఎన్నారై పేజీ ఇక్కడ చాలామంది చదువుతారు, కాల్పుల వార్త వేసినప్పుడు పక్కనే ఈ వీసా రూలూ, తాళం సంగతీ నాలుగు లైన్లలో వేయండి. ఇక్కడి తెలుగు సంఘాలు ఉగాదికి, సంక్రాంతికి హాళ్ళు తీసుకుని వేలమందిని పిలుస్తాయి, ఒక మూల టేబుల్ వేసి కేబుల్ తాళాలు పంచండి, చాంబర్ ఎలా చూడాలో తెలిసినవాళ్ళ చేత చూపించండి. తల్లులకి ఇంకో మాట, పిల్లాడిని రాత్రి ఫ్రెండ్ ఇంట్లో పడుకునే స్లీప్‌ఓవర్‌కి దింపేటప్పుడు పల్లీ ఎలర్జీ ఉందని చెప్తాం కదా, అప్పుడే "మీ ఇంట్లో గన్ ఉందా అండీ, తాళం వేసే ఉంటుందా" అని కూడా అడగండి. మొన్న మా అబ్బాయి ఫ్రెండ్ వాళ్ళమ్మ నన్ను అడిగింది. ఆవిడకి మొహమాటంగా అనిపించింది పాపం, నేను పైకి తీసుకెళ్ళి బాక్స్ చూపించా.

ఇట్లు,
డాలస్ నుంచి మీ పాఠకుడు